అయిదు ఖాళీ డబ్బాల వెంట

సిరుగుప్పలో రెండు రోజులు పని చూసుకుని ఆదివారం సాయంత్రం ఇంటికి చేరాను. కాళ్ళు కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్తే పశువులపాక వెనక గోడవార ఖాళీగా కనిపించింది. నేను వెళ్ళేటప్పుడు అక్కడ అయిదు డబ్బాలున్నాయి. కిరసనాయిలు డబ్బాలంత పెద్దవి. వరికి కొట్టే ఎండ్రిన్ మందు తెచ్చిన డబ్బాలు.

"గుజరీవాడికి ఇచ్చేశాను," అంది మా ఆవిడ సుబ్బాయమ్మ. "మొన్న వచ్చాడు. ఊరికే పడున్నాయిగా అని ఇస్తే ఈ బేసిను ఇచ్చాడు." కొత్త అల్యూమినియం బేసిను చూపించింది. పాత ఇనుము, డబ్బాలు, సీసాలు కొనుక్కుపోయేవాణ్ణి ఈ ప్రాంతంలో గుజరీవాడంటారు.

"ఒకదాన్లో మందు మిగిలుందే!"

"వాడు బోదెలో వంచేశాడు."

బోదె దగ్గరికి పరుగెత్తాను. ఇంటి వెనక నుంచి నీళ్ళు పారే ఆ చిన్న కాలువలో గట్టువార పదీ పదిహేను చేపపిల్లలు వెల్లకిలా పడి ఎండిపోయి ఉన్నాయి.

మేము గుంటూరు జిల్లా నుంచి వచ్చి తుంగభద్ర కాలువ కింద, కప్పగల్లుకు రెండు మైళ్ళ దూరంలో క్యాంపు వేసుకున్నవాళ్ళం. పంటకు పురుగు తగిలితే అందరం కలిసి మందు తెచ్చాం. హగరి నుంచి వచ్చిన వ్యవసాయ ఆఫీసరు, ఖాళీ డబ్బాలు పగలగొట్టి లోతుగా పాతెయ్యమని రెండుసార్లు చెప్పాడు. ఆ తర్వాత మా పక్కింటివాళ్ళ దూడ ఒక డబ్బా నాకి, కాళ్ళు కొట్టుకుంటూ పావుగంటలో చచ్చిపోయింది. అప్పుడు భయం వేసి, మా ఇంట్లో ఉన్న అయిదు డబ్బాల అడుగునా తారుతో ఇంటూ గుర్తు వేశాను. పాతడం మాత్రం కోతలయ్యాక చూద్దామనుకున్నాను.

"ఆ గుర్తేమిటో నాకు చెప్పారా?" అని సుబ్బాయమ్మ అడిగింది. చెప్పలేదు. ఆమెకే చెప్పనివాణ్ణి లోకానికి ఏం చెప్పినట్టు? ఆ రాత్రి ఇద్దరికీ అన్నం సయించలేదు.

సోమవారం తెల్లవారి అయిదున్నరకు బయల్దేరాను. కప్పగల్లు రోడ్డుకు నడిచేసరికి ఆరుంబావు. సిరుగుప్ప నుంచి బళ్ళారి పోయే బస్సు ఏడింటికి గాని రాలేదు. పైన మిరపకాయ బస్తాలు, లోపల మనుషులు. ఒంటికాలి మీద నిలబడి ఏడున్నరకు బళ్ళారిలో దిగాను. గుజరీ అంగళ్ళన్నీ ఒకే సందులో ఉంటాయి. కొత్తవాళ్ళయినా అడగక్కర్లేదు, రేకుల మీద సుత్తెల చప్పుడు వింటూ వెళ్తే చాలు.

మా వైపు తిరిగే గుజరీవాడు సరుకు వేసేది ఖాజాసాబు అనే పెద్దాయనకని మూడో అంగట్లో చెప్పారు. ఆయన అప్పుడే తాళం తీస్తున్నాడు. నా మాట సగం విని నవ్వాడు.

"డబ్బాలా? ఈడికి దినామూ నూరు వస్తాయి, నూరు పోతాయి. మీవి ఏవని చెప్పల్ల రైతుసాబ్? అన్నీ కడిగే అమ్ముతాం. బూడిదేసి తోమిస్తాం."

"అడుగున తారు గుర్తు ఉంటుందండీ. అవి పురుగుమందు డబ్బాలు. కడిగితే పోయే విషం కాదు."

ఆయన నవ్వు ఆగింది. ఇద్దరం లోపలికి వెళ్ళి, గోడలెత్తున పేర్చిన డబ్బాలు ఒక్కొక్కటే తిరగేశాం. నా గుర్తున్నది ఒకటి దొరికింది. ఇంకొకటి ఆయన గద్దె పక్కనే, మూత కూడా అతికించి విడిగా పెట్టి ఉంది. దాన్ని ఆయనే తిరగేశాడు. అడుగున నల్లటి ఇంటూ గుర్తు. ఖాజాసాబు గద్దె మీద కూలబడ్డాడు.

"యా అల్లా! ఇది నా కూతురింటికి పంపల్లని పెట్టినా. జొన్నపిండి పోసుకుంటాది అని."

లేచి ఇనపగునపం తీసుకుని రెండు డబ్బాలకీ నాలుగు పక్కలా చిల్లులు పొడిచాడు. మిగతా మూడూ నిన్ననే సండూరు అవతలికి పోయాయట. యశ్వంతనగర్‌లో అంగడి పెట్టుకున్న కొట్రప్ప సరుకులకు వచ్చి, నూనెకూ నీళ్ళకూ పనికొస్తాయని ఏడెనిమిది డబ్బాలు కొన్నాడు. వాటిలో అవి కలిసిపోయాయి.

"బిరబిరా పోండి," అన్నాడు ఖాజాసాబు. "నా పేరు చెప్పండి. నమ్మకపోతే నేనే వస్తానని చెప్పండి."

స్టేషనుకు వచ్చేసరికి ఎనిమిదీ యాభై. హొస్పేట వైపు ప్యాసింజరు తొమ్మిదీ ఇరవైకి. హొస్పేటలో దిగి సండూరు బస్సెక్కుదామనుకున్నాను. రైలుపెట్టెలో ఎదురుగా కూర్చున్న దరోజి ఊరి ముసలాయన నా తెలివి సరిదిద్దాడు.

"హొస్పేట దాకా యాల పోతావప్పా? తోరణగల్లులో దిగు. గని లారీలు ఆడ రాయి దించి ఖాళీగా పోతాంటాయి. నేరుగా సండూరు దాటి దింపుతారు." ఇకముందు అటు వెళ్ళేవాళ్ళకు కూడా ఇదే దగ్గరి దారి.

ఎందుకు వెళ్తున్నానో ఆయన అడిగాడు. ఖాళీ డబ్బాల కోసం అన్నాను.

"ఖాళీ డబ్బా కోసరం ఇంత దూరమా? బంగారమేమన్నా పెట్టినావా దాంట్లో?"

చెప్పాను. పెట్టెలో నవ్వులు తగ్గిపోయాయి. ఆ తర్వాత ఒక్కొక్కరూ వాళ్ళ ఇళ్ళ సంగతి చెప్పడం మొదలుపెట్టారు. కుడితిని ఊరాయన మందు వచ్చిన సంచీని ఉతికి కొర్రలు పోశాడు. ఇంకొకాయన మందు సీసాలో ఆముదం పోసుకున్నాడు. కిటికీ పక్కన కూర్చున్నావిడ, "మాకు ఎవురు చెప్పినారప్పా? గట్టి డబ్బా, మూత బిగుతు, పారేయను మనసు రాలేదు," అంది. బయట నల్లరేగడి చేలు వెనక్కి పోతున్నాయి. ప్రతి స్టేషనులోనూ బండి కదిలేదాకా లేచి తలుపు దగ్గర నిలబడ్డాను. తోరణగల్లులో దిగేసరికి పదకొండుంబావు.

గనుల ఇనపరాయి దించే రైలు సైడింగు దగ్గర నాలుగు లారీలున్నాయి. మూడింటివాళ్ళు భోజనాలకు కూర్చున్నారు. నాలుగో లారీ డ్రైవరు ఎర్రిస్వామి బయల్దేరబోతున్నాడు. పాతికేళ్ళ మనిషి. వాళ్ళది కుడితిని దగ్గర పాతకాలపు సేద్యపు కుటుంబం. తండ్రి ఎద్దుల్ని అమ్మి లారీ కొన్నాడట.

"ఎక్కప్పా. అయితే సండూరులో ఊట చేసి పోదాం. నాకు ఆకలైతాండాది," అన్నాడు.

రెండు మైళ్ళు పోయాక సంగతి చెప్పాను. లారీ వేగం పెరిగింది.

కొండల మధ్య సందులోంచి దారి సండూరు లోయలోకి దిగుతుంది. అక్కణ్ణించి గనుల దుమ్ముతో అన్నీ ఎరుపే. చెట్ల ఆకులు, మేకల వీపులు, ఎదురొచ్చే మనుషుల రెప్పలు కూడా ఎర్రగా ఉన్నాయి. ఎక్కుడులో రేడియేటరు పొగలు కక్కింది. ఎర్రిస్వామి దిగి లారీ పక్కన వేలాడే డబ్బా తీశాడు. మేమిద్దరం ఒకేసారి దాని అడుగు చూశాం. గుర్తు లేదు. అతను నా మొహం చూసి, "ఇది నేను కొని రెండేండ్లాయె," అన్నాడు గాని వాసన కూడా చూశాడు. ఇంజను చల్లారడానికి ముప్పావుగంట పట్టింది. సండూరులో ఆగలేదు. యశ్వంతనగర్ చేరేసరికి రెండూ నలభై.

కొట్రప్ప అంగడి రోడ్డు మీదే ఉంది. రేకుల పందిరి, ముందు బెల్లం, బీడీలు, లోపల నూనె. నేను ఖాజాసాబు పేరు చెప్పి విషం మాట ఎత్తగానే ఆయన మొహం గంటు పెట్టుకున్నాడు. చుట్టూ బేరానికి వచ్చినవాళ్ళు నలుగురున్నారు.

"ఏందప్పా నీ మాట? నా అంగట్లో విషమా? మెల్లగ మాట్లాడు."

"మీ తప్పేం లేదండీ. నా తప్పు. డబ్బాలు చూపించండి చాలు."

"డబ్బాలు నిన్ననే తెచ్చినా. ఒకదాంట్లో పొద్దున్నే శెనగనూనె పోసినా. ఇంకా అమ్మకం మొదలుపెట్టలేదు."

నూనె డబ్బా ఎత్తి అడుగు చూశాను. తారు గుర్తు. మూత తీస్తే నూనెవాసన కిందనుంచి ఆ ఘాటు తెలుస్తూనే ఉంది. కొట్రప్ప వాసన చూసి, "సీమనూనె డబ్బా అయుంటాది. అన్ని డబ్బాలూ అట్లే వస్తాయి," అన్నాడు. నిండు డబ్బా నూనె పారబొయ్యమంటే ఏ వ్యాపారి మనసు ఒప్పుతుంది?

"అన్నా," అన్నాడు ఎర్రిస్వామి, "ఈ నూనెతో ఇయ్యాల మీ ఇంట్లో వంట చేపిస్తావా? నీ బిడ్డలకు పెడ్తావా?"

కొట్రప్ప డబ్బా రెండు చేతులా ఎత్తుకుని అంగడి ముందున్న మోరీ వైపు నడిచాడు. నేను అడ్డం పడ్డాను. ఆ మోరీ నీళ్ళు ఎక్కడికి పోతాయని అడిగితే కింద బావి పక్కనుంచి వంకలోకి అన్నాడు. పెరట్లో పోద్దామంటే అక్కడ కోళ్ళు. గుట్ట పక్కన పోద్దామంటే మేకలు మేసే చోటు. ఆ డబ్బా చేతుల్లో పట్టుకుని ఆయన ఎటు తిరిగినా పారబోసే చోటు కనిపించలేదు. చివరికి మూత బిగించి, అంగడి లోపల పెట్టి తాళం వేశాడు.

అంగట్లో ఉన్న ఖాళీ డబ్బాలన్నీ తిరగేశాను, వాటికి గుర్తు లేదు. "నావి ఇంకా రెండుండాలి. అమ్మారా?" అన్నాను.

"ఒకటి పొద్దున్నే గని మేస్త్రీ తీసుకున్యాడు, కొండ మీద కూలోళ్ళకు తాగే నీళ్ళకు. ఇంకొకటి ఎవురో ఎద్దులబండి ఆయన. దావలో పోతా ఆపి అడిగినాడు, ఇచ్చినా."

తాగే నీళ్ళనగానే ఎర్రిస్వామి లారీ స్టార్టు చేశాడు.

గని దాకా మైలున్నర ఉంటుంది గాని అంతా ఎక్కుడు. మూడుంబావుకు పైకి చేరాం. ఆడవాళ్ళు వరసగా కూర్చుని సుత్తెలతో రాయి కొడుతున్నారు. ఒకపక్క రేకు నీడలో కొందరు గుంపుగా మూగి ఉన్నారు. మధ్యలో ముప్ఫై ఏళ్ళ మనిషి పడుకుని ఉంది. పేరు హులిగెమ్మ. కళ్ళు తేలేసి, పళ్ళు బిగబట్టి, విల్లులా వంగిపోతోంది. నోటివెంట నురగ. ఒకామె చేతిలో తాళాలగుత్తి పెడుతోంది. ఇంకొకామె ఉల్లిపాయ వాసన చూపిస్తోంది.

"ఎండకు సుస్తయింది," అన్నాడు మేస్త్రీ. "మధ్యాహ్నం నుంచి తల నొస్తాదని అంటాండె."

నాకు మా పక్కింటి దూడ కాళ్ళు కళ్ళముందు కదిలాయి. "నీళ్ళు ఎందులోవి?" అని అరిచాను. బండరాయి మీద డబ్బా, దాని మీద చెంబు. ఒకామె అప్పుడే చెంబు ముంచి పైకెత్తుతోంది. ఆ చెంబు నేను లాక్కున్నానా, కొట్టానా ఇప్పటికీ గుర్తులేదు. రాళ్ళ మీద పడి దొర్లింది. ఆమె నన్ను తిట్టింది. డబ్బా తిరగేసి గుర్తు చూపించాను. అది ఏమిటో అక్కడ ఎవరికీ తెలియదు. తెలుగులో, వచ్చీరాని కన్నడంలో చెప్పాను. ఎర్రిస్వామి గట్టిగా అందరికీ వినబడేట్టు చెప్పాడు.

ఆ డబ్బాలో మొదటి నీళ్ళు తాగింది హులిగెమ్మే. పొద్దున నీళ్ళు మోసుకొచ్చింది ఆమె. ఎక్కి వచ్చిన దప్పికలో రెండు చెంబులు తాగిందట. నీళ్ళలో సీమనూనె కంపు ఉందని మిగతావాళ్ళు కొంచెం కొంచెమే తాగారు. వాళ్ళలో ఇద్దరికి కడుపులో తిప్పుతోంది.

ముగ్గుర్నీ లారీలో ఎక్కించాం. ఖాళీ సంచులు పరిచి హులిగెమ్మను పడుకోబెట్టి, ఆమె తల నా ఒళ్ళో పెట్టుకున్నాను. దారిలో రెండుసార్లు ఫిట్సు వచ్చింది. ఆమె నాలుక కొరుక్కోకుండా నా తువ్వాలు మడిచి పళ్ళ మధ్య పెట్టాను. ఆమెతో వచ్చిన ముసలమ్మ, మేనత్తట, ఏడవకుండా ఒకే మాట పదేపదే అడిగింది: "బతుకుతాదా అప్పా? ఇద్దరు చిన్న బిడ్డలుండారు. బతుకుతాదా?" నేను ఆమె మొహం వైపు చూడలేకపోయాను. నేనెవర్నో ఆమెకు ఇంకా తెలియదు.

నాలుగున్నరకు సండూరు ఆసుపత్రి. డాక్టరు మొదట అడిగిన మాట, "ఏం తిన్నది? ఏం తాగింది?"

"ఎండ్రిన్," అన్నాను. "పురుగుమందు డబ్బాలో నీళ్ళు తాగింది. ఆ డబ్బా నాది."

ఆయన నన్ను ఒక్క క్షణం చూసి లోపలికి వెళ్ళాడు. తలుపు మూశారు. మిగతా ఇద్దరికీ వాంతులు చేయించి వరండాలో పడుకోబెట్టారు. పొద్దు గుంకేవేళకు డాక్టరు బయటికి వచ్చి, "మందు పేరు మీరు చెప్పకపోతే నేను కూడా ఎండదెబ్బ అనుకునేవాణ్ణేమో. ఇప్పుడే ఏమీ చెప్పలేను," అన్నాడు.

అప్పుడు మేనత్త నా దగ్గరికి వచ్చింది. నేను డాక్టరుతో అన్న మాట ఆమె విన్నది. కొడుతుందనుకున్నాను. కొట్టినా బాగుండేది.

"తెలిసీ యాల పారేసినావప్పా?" అంది.

పారెయ్యలేదు, దాచాను అనబోయాను. దాచడం కూడా కాదు. చూడకుండా ఉండటానికి పాక వెనక పెట్టుకున్నాను, అంతే. ఆ రాత్రి ఆసుపత్రి ఎదురుగా ఉన్న సత్రం అరుగు మీద పడుకున్నాను.

మంగళవారం పొద్దున ఆరున్నరకు ఆసుపత్రికి వెళ్తే, హులిగెమ్మకు తెల్లవారుజామునుంచి ఫిట్సు రాలేదని నర్సు చెప్పింది. కళ్ళు తెరిచిందట. మేనత్తను గుర్తుపట్టి, బిడ్డలకు గంజి కాచావా అని అడిగిందట. నేను వరండా స్తంభం పట్టుకుని నిలబడ్డాను. లోపలికి వెళ్ళే ధైర్యం రాలేదు.

అయిదో డబ్బా ఇంకా మిగిలే ఉంది. బండాయన ఎవరో కొట్రప్పకు తెలియదు. కూడ్లిగి వైపు పోయాడు, నెత్తిన తెల్ల రుమాలు, అంతే. ఎర్రిస్వామి ఆ రోజు రాయి తోలడం మానుకుని వచ్చాడు. తప్పెట కొట్టే ఆయనను లారీ ముందు కూర్చోబెట్టుకుని ఏడున్నరకు బయల్దేరాం. యశ్వంతనగర్‌లోనూ, కూడ్లిగి దారిలో మూడు ఊళ్ళలోనూ దండోరా వేయించాం. అడుగున నల్లటి ఇంటూ గుర్తున్న డబ్బా ఎవరింట్లో ఉన్నా నీళ్ళు, నూనె, గింజ పొయ్యొద్దు, తెచ్చి ఊరి లెక్కలు రాసే శానుభోగులకు ఇవ్వండి అని ఆయన కన్నడంలో పాడినట్టు చెప్పాడు. జనం ఇళ్ళలో ఉన్న డబ్బాలన్నీ మోసుకొచ్చారు. తుప్పువి, సొట్టలవి, తెల్లగా తోమినవి. ఒక్కొక్కటే తిరగేశాను. వాటిలో నాది లేదు. కాని వాసన చూస్తే మరి రెండింట్లో అదే మందు ఘాటు ఉంది. అవి ఏ ఊరి నుంచి, ఎవరింటి పెరట్లోంచి వచ్చాయో ఎవరికీ తెలియదు. నావి అయిదే అనుకుని బయల్దేరాను.

పదకొండుంబావుకు గనికి తిరిగి వచ్చాం. దొరికిన డబ్బాలను రాయి తీసి పారబోసిన మట్టిగుట్టల్లో పూడ్చేద్దామని మేస్త్రీ అన్నాడు. వాన కురిస్తే ఆ మట్టి ఎటు పోతుందని అడిగితే, వంకలోకే అన్నాడు. చివరికి వంకకూ బావికీ దూరంగా ఎత్తున ఉన్న చోట, గని కూలీలు నిలువెత్తు గొయ్యి తీశారు. డబ్బాలను సమ్మెటతో చదును చేసి లోపల వేశారు. కొట్రప్ప తన నూనె డబ్బా తానే మోసుకొచ్చి గోతిలో రంపపు పొట్టు పోసిన మూలలో వంచాడు. పైన మట్టి కప్పి బండలు పేర్చారు. అంతకంటే మంచి ఉపాయం నాకు తెలియదు. అది చాలునా అంటే అదీ తెలియదు.

పన్నెండున్నరకు కొట్రప్ప ఇంట్లో జొన్నరొట్టె, పుండికూర అనే గోంగూర పెట్టారు. నన్ను ఎవరూ ఏమీ అనలేదు. తిరిగి పోతూ సండూరులో ఆగి హులిగెమ్మను చూశాను. నాలుక గాయమై మాట ముద్దగా వస్తోంది. నేనెవరో మేనత్త చెప్పింది. హులిగెమ్మ నన్ను చూసి, "ఆ ఇంకో డబ్బా దొరికిందా?" అని అడిగింది. లేదన్నాను. మొహం గోడవైపు తిప్పుకుంది.

తోరణగల్లులో బళ్ళారి బండి నాలుగూ పదికి రావాలి, నాలుగున్నర దాటాక వచ్చింది. ఎర్రిస్వామి ప్లాట్‌ఫారం దాకా వచ్చి, తను తిరిగే దారిలో ప్రతి ఊళ్ళోనూ అడుగుతుంటానని మాటిచ్చాడు. ఈ రెండు రోజుల్లో నేను చూసిన దేశం ఇది: ఎక్కడా ఏదీ వృథాగా పోదు, ఒకరు విడిచింది ఇంకొకరు కడిగి వాడుకుంటారు. అది మన మంచి గుణమనే నేను అనుకునేవాణ్ణి. ఇప్పుడు పొలాల్లోకి కొత్త సరుకు వస్తోంది. దాన్ని ఎలా వాడాలో చెప్పేవాళ్ళు చాలామంది ఉన్నారు. వాడాక మిగిలిందాన్ని ఏం చెయ్యాలో చెప్పేవాళ్ళు తక్కువ, చెబితే నాలాగా వినేవాళ్ళు ఇంకా తక్కువ.

పెట్టెలో నా ఎదురుగా ఒక తల్లి, నాలుగేళ్ళ కూతురు. హొస్పేటలో చెరకు కోతకు వచ్చి సొంత ఊరికి పోతున్నారు. కాళ్ళ దగ్గర మూటలు, ఒక డబ్బాలో సగానికి నీళ్ళు. నా మొహం ఎలా ఉందో, ఆమె అడక్కుండానే లోటాతో నీళ్ళు ముంచి చాపింది. నా చేయి ముందుకు రాలేదు.

"మా చేతి నీళ్ళు తాగవా అప్పా?" అంది, చిన్నబోయి.

"అయ్యో, అది కాదమ్మా," అని మొదలుపెట్టి మొత్తం చెప్పాను. సుబ్బాయమ్మ దగ్గర్నుంచి హులిగెమ్మ దాకా, గుర్తు లేకుండానే మందు ఘాటు కొట్టిన ఆ రెండు డబ్బాల సంగతి కూడా. ఆమె లోటా చేత్తో పట్టుకునే విన్నది. డబ్బా పక్కకు వంచి అడుగు చూపించమన్నాను. శుభ్రంగా ఉంది. వాసన కూడా లేదు. లోటా తీసుకుని గటగటా తాగేశాను.

ఇంతలో ఆ పిల్ల దప్పికంటూ లోటా కోసం చేయి చాపింది. తల్లి దాని చేయి పట్టుకుని వెనక్కి లాగింది. డబ్బాను మెల్లగా కాలితో బెంచీ కిందికి జరిపి, "ఉండు. బళ్ళారిలో కొళాయి ఉంటాది," అంది.